హంగామీ ఉద్యోగులు – ఖాయపు హక్కు ఎంతవరకు?

సార్వాకు నీరు వదలిన దినము మొదలు దాళ్వా కోతలవరకు మన కాలువగట్లపై తిరుగుచు, వేళకాని వేళ తూము తలుపులు ఎత్తుచు దింపుచు, లాకులయొద్ద అడ్డుపడిన గుర్రపుడెక్కను గడలతో త్రోయుచు కనబడు లస్కరును ఎరుగని రైతు కోనసీమలో లేడు. లొల్ల లాకులయొద్ద విడిపోయిన నీరు దిగువ పొలములకు చేరవలెనన్న అట్టివా రెందరి చేతులమీదుగానో పోవలెను. ఆతడు రాని దినమున చివరి బోదెలవారికి నీరు లేదు. అయినను ఆతని జీతమెంత, ఆతని పేరు ఏ రిజిస్టరులో నున్నది, రేపు పైయధికారి వలదన్నచో ఆతనికేమి దిక్కు, అని ఆలోచించు రైతులు కొలదిమందియే.

ఆతడొక్కడే కాడు. సహకార సంఘమున ఎరువుల గిడ్డంగికి కాపలాయుండు వృద్ధుడు, ఋణముల లెక్కలు వ్రాయు చిన్న గుమాస్తా, పంచాయతిలో తెల్లవారుజామున వీథు లూడ్చు స్త్రీ, వసతిగృహములో వంట చేయు మనిషి – వీరిలో పలువురు పది, పదునైదు, ఇరువది యేండ్లనుండి తాత్కాలికులుగనే యున్నారు. మన తాతల నాటి కచేరీ భాషలో ఇట్టివారిని హంగామీ నౌకరులనెడివారు. హంగామనగా సమయము, అదను. ఒక అదనుపనికి పిలువబడినవాడు హంగామీ. ఇప్పుడు ఇరువది సార్వాలు గడచినను ఆ పేరు మాత్రము మారుట లేదు.

"పది సంవత్సరములు చేసినవానికి ఉద్యోగము ఖాయము చేయవలెనని చట్టమున్నదట, నిజమేనా?" అని సభ్యులు మమ్ము తరచుగా అడుగుచుందురు. అడుగువారిలో కొందరు అట్టి ఉద్యోగుల తండ్రులు. కొందరు సంఘముల పాలకవర్గములలోనుండి అట్టివారిని నియమించినవారు. ఒకరికి ఆశ, రెండవవారికి భయము. ఇరువురికిని మేము చెప్పునది ఒక్కటే: కేవలము ఇన్ని సంవత్సరములు చేసితినను కారణమున ఖాయపు ఉద్యోగమును కోరుటకు మన రాష్ట్రమున సామాన్యమైన హక్కు లేదు. కాని అంతమాత్రమున ఆతనికి ఏ హక్కును లేదనుట అసత్యము. ఈ రెండు మాటల నడుమ నున్న చోటనే వేలకొలది కుటుంబముల బ్రతుకు కలదు గనుక దానిని కొంత విపులముగా వ్రాయుచున్నాము.

మొదట రాజ్యాంగమును చూడవలెను. 1950లో అమలునకు వచ్చిన మన రాజ్యాంగము 14వ, 16వ అధికరణములందు ప్రభుత్వోద్యోగముల విషయమున పౌరులందరికి సమానావకాశమును కల్పించినది. ఊరుమ్మడి చెరువులోని చేపలను గ్రామపెద్ద తన బంధువునకు చాటుగా అప్పగించిన ఊరివారు ఊరకుందురా? పాట పెట్టవలెను, దండోరా వేయవలెను, ఎవరు వచ్చినను పాడుకొననీయవలెను. ప్రభుత్వోద్యోగమును అట్టి ఉమ్మడి సొత్తే. ప్రకటన లేక, పోటీ లేక, ఒక అధికారి నోటిమాటతో లోపలికి వచ్చినవానిని ఖాయపరచినచో, ఆ ఉద్యోగమునకు అర్హుడై దరఖాస్తు పెట్టుట కవకాశమే లేకపోయిన మరియొక పేదవాని నోటిలోని ముద్ద తీసినట్లగును. న్యాయస్థానముల సంకోచమంతయు ఇచ్చటనే యున్నది. దానిని కఠినత్వమని త్రోసివేయుట మాకు సమ్మతము కాదు.

అయితే ఎదుటి పక్షమునను న్యాయమున్నది. పని శాశ్వతమైనది, మనిషిని మాత్రము తాత్కాలికుడనుచున్నారు. కాలువ ఏటేట పారును, వీథి దినదినము మాసిపోవును. అట్టిపనికి దినకూలి లెక్కన మనిషినిపెట్టి, 89 దినములైన వెంటనే ఒకనాడు మాన్పించి, మరునాడు మరల పిలిచి, ఈ రీతిగా ఆతని యౌవనమంతయు గడపి, నడుము వంగిన పిమ్మట నీవు క్రమముగా వచ్చినవాడవు కావనుట ధర్మమా? 1980 తరువాతి సంవత్సరములలో సుప్రీంకోర్టు ఈ పక్షముననే ఎక్కువ మొగ్గు చూపినది. 1987లో తపాలా తంతి శాఖలోని దినకూలీల వ్యవహారమున, ఒక సంవత్సరమునకు మించి ఎడతెగక పనిచేయుచున్నవారిని సాధ్యమైనంతవరకు ఖాయములోనికి తీసికొనుటకు ఒక పథకమును సిద్ధపరుపుమని ఆ శాఖను ఆజ్ఞాపించినది. దేశమంతట దినకూలీలకు అప్పుడు ఆశ చిగిర్చినది.

మన రాష్ట్రమున ఆ ఆశకు గట్టు కట్టినది 1994 నాటి 2వ చట్టము. ప్రభుత్వ శాఖలలో, స్థానిక సంస్థలలో, కార్పొరేషనులలో మంజూరు లేకయే నామినల్ మస్టరు రోలు మీద తీసికొనబడినవారు – వీరినే మనము ఎన్.ఎం.ఆర్. కూలీలందుము – మితిమీరుటచే, అట్టి నియామకములను నిషేధించుచు ప్రభుత్వము ఈ చట్టమును చేసెను. ఇది 1993 నవంబరు 25వ తేదినుండి అమలులోనికి వచ్చినట్లు భావింపవలెను. తాత్కాలికుడుగా నుండుటచేతనే ఖాయపు హక్కు కలుగదని ఇందులోని 7వ సెక్షను స్పష్టముగా చెప్పుచున్నది. అదివరకే పనిచేయుచున్నవారి గతి యేమి? వారికొరకు 1994 ఏప్రిలు 22వ తేదిని 212వ నెంబరు జీ.వో. వెలువడినది. 1993 నవంబరు 25 నాటికి ఎడతెగక అయిదు సంవత్సరములు పనిచేసి, ఆనాటికిని కొనసాగుచున్నవారిని, ఖాళీ యుండి, విద్యార్హత, వయస్సు, రిజర్వేషను మొదలగు నియమములు కుదిరినచో, ఖాయపరుపవచ్చునని దాని తాత్పర్యము.

ఆ తేదిని గూర్చి ఒక్కమాట. ఒకే గట్టుమీద పనిచేయు ఇద్దరు లస్కరులను తలచుకొందము. ఒకడు 1988 అక్టోబరులో చేరెను. రెండవవాడు ఆ సంక్రాంతి పోయిన పిదప చేరెను. మొదటివానికి అయిదు సంవత్సరములు నిండినవి, ఖాయమయ్యెను, పింఛను వచ్చును. రెండవవానికి రెండు మూడు నెలలు తక్కువ. అదే తూము, అదే గడ, అదే ఎండ. ఆతని సంతతికి తండ్రిపేర దక్కునది మస్టరు రోలులోని వేలిముద్ర మాత్రమే. చట్టమునకు ఎక్కడో ఒకచోట గీత గీయక తప్పదు. కాని గీతకు ఈవలి వాడు ఏ తప్పు చేయలేదనుట మరువరాదు.

గీతను వెనుకకు ముందునకు జరుపవలెనని ఎన్నో వ్యాజ్యములు నడచినవి. అయిదు సంవత్సరములు ఎప్పటికి నిండినను చాలునని కొందరు వాదించిరి. 1998లో శాసనసభ రెండు సవరణలు చేసి, పూర్తికాలపు దినకూలీకి 1993 నవంబరు 25 నాటికే అయిదేండ్లు, పాక్షికకాలపు పనివానికి ఆ తేదికే పదియేండ్లు నిండియుండవలెనని ఖండితముగా నిర్ణయించినది. ఆ సవరణలు చెల్లునని 2009లో సుప్రీంకోర్టు తీర్పు చెప్పినది. అంతటితో 212వ జీ.వో. ద్వారము క్రొత్తవారికి మూతపడినది. ఇప్పటికిని ఈ జీ.వో.ను చూపి పని చేయించెదమని పైకము గుంజు దళారులు కలరు. మన సభ్యులు వారి చేతికి చిక్కకుందురు గాక.

ఈ నడుమ 2006 ఏప్రిలు 10వ తేదిని అయిదుగురు న్యాయమూర్తుల ధర్మాసనము కర్ణాటకనుండి వచ్చిన వ్యాజ్యములో ఒక తీర్పు చెప్పినది. దీనినే ఉమాదేవి తీర్పందురు. ఏ కచేరికి పోయినను, ఏ వకీలును అడిగినను ఈ పేరే వినబడును. "పది సంవత్సరముల చట్టము" అని మన పల్లెలలో చెప్పుకొనునది చట్టము కాదు. ఈ తీర్పులోని 53వ పేరాయే. దాని భావమును రైతు భాషలో చెప్పెదము.

మనము భూమి కొనునప్పుడు దస్తావేజుమీద స్టాంపు తక్కువపడినదనుకొనుడు. అది లోపమే, కాని జరిమానాతో సరిదిద్దుకొనవచ్చును. అట్లుగాక, ఆ భూమిపై ఏ హక్కును లేనివాడు మనకు అమ్మినచో, స్టాంపు ఎంత సరిగా నున్నను, అనుభవము ఎన్నినాళ్లున్నదని మొరపెట్టినను, ఆ అమ్మకమువలన మనకేమియు సంక్రమింపదు. ఉద్యోగ నియామకములలోను ఇట్టి భేదమే కోర్టు చూపినది. మంజూరైన ఉద్యోగము ఖాళీగానుండి, దానికి కావలసిన అర్హతగల మనిషిని నియమించునప్పుడు పద్ధతిలో ఏదో లోపము జరిగినచో అది క్రమము తప్పిన నియామకము. మంజూరైన ఉద్యోగమే లేక, అర్హతయే లేక తీసికొనినచో అది చట్టవిరుద్ధము. మొదటి తరగతివారు కోర్టు ఉత్తరువుల అండ లేకుండ పది సంవత్సరములు, అంతకుమించి పనిచేసియుండినచో, వారిని ఖాయపరచు విషయమును ప్రభుత్వములు ఒకేసారి చేయదగిన ఏర్పాటుగా పరిశీలింపవలెనని కోర్టు ఆదేశించినది. రెండవ తరగతివారికి ఆ భాగ్యము లేదు. 2010 ఆగస్టు 3వ తేదినాటి కేసరి తీర్పులో, ఆ ఏర్పాటును కొందరికే జరిపి తక్కినవారిని విడిచిన శాఖలు ఆ పని పూర్తిచేయవలసినదేయని వివరించిరి. కాని గడువు తేది తరువాత పది సంవత్సరములు నిండినవారికి ఇది ఏటేట తెరచు ద్వారము కాదు.

ఇక మన ఇంటి మాట. సహకార సంఘముల విషయమున ఉమాదేవి తీర్పునకు ముందే, 2004 జూలైలో, ఉమారాణి కేసను పేర మరియొక తీర్పు వచ్చినది. పొరుగున నున్న తమిళనాడులో సహకార సంఘములవారు మంజూరైన సంఖ్యకు మించి, ఉపాధి కల్పనా కార్యాలయమునకు తెలుపక, వేలమందిని నియమించుకొనిరి. 2001లో ఆ ప్రభుత్వము రెండు సంవత్సరములలో 480 దినములు చేసినవారిని ఖాయపరచుచు జీ.వో. ఇచ్చినది. సుప్రీంకోర్టు దానిని ఒప్పుకొనలేదు. ఖాయపరచుట యనునది నియామకమునకు మారుదారి కాజాలదని చెప్పినది. ఆ సంఘములవారు ఆ మనుష్యులను పీడింపవలెనని నియమింపలేదు. ఉపకారము చేయుచున్నామనియే తలచియుందురు. ఉపకారము పొందినవాడే కడకు నష్టపడెను.

మన రాష్ట్రపు 1964 సహకార సంఘముల చట్టములోని 116-సీ సెక్షనును పాలకవర్గములో నున్న ప్రతివాడును చదివియుండవలెను. ఉద్యోగుల సంఖ్యను, అర్హతలను, జీతములను సంఘము నిర్ణయించుకొనవచ్చును. కాని రిజిస్ట్రారుయొక్క ముందస్తు ఆమోదము కావలెను. జీతభత్యముల వ్యయము చాలకపు మూలధనములో నూటికి రెండు వంతులనుగాని, స్థూలలాభములో నూటికి ముప్పది వంతులనుగాని, ఏది తక్కువయైన దానిని మించరాదు. ఈ పరిమితిని లెక్కచూడక అధ్యక్షుని మేనల్లుని ఒకనిని, ఎన్నికలలో సాయపడినవాని తమ్ముని ఒకనిని "ప్రస్తుతమునకు" అని పెట్టుకొను సంఘములు లేవని ఎవరును ప్రమాణము చేయలేరు. ఆ కుర్రవాడు పొలము పనులు విడిచి, వేరు చదువు మానుకొని, సంఘపు బల్లయొద్ద ఇరువది సంవత్సరములు కూర్చుండును. పాలకవర్గము మారును. ఆడిటరు అభ్యంతరము వ్రాయును. అప్పుడు ఆతని చేతిలో నియామకపు కాగితము కూడ నుండదు. మేనల్లుని ప్రేమించు అధ్యక్షుడు చేయదగినది, ఆమోదమైన ఉద్యోగమునకు బహిరంగముగా ప్రకటన వేయించి, ఆతనిని కూడ పదిమందితోపాటు దరఖాస్తు పెట్టుకొమ్మని, తాను ఎంపిక సభనుండి లేచిపోవుట.

సంఘోద్యోగి నేరుగా హైకోర్టుకు రిట్టు వేయవచ్చునా యను ప్రశ్నకు ప్రసిద్ధమైన జవాబు మన అమలాపురమునుండియే బయలుదేరినదని చాలమంది ఎరుగరు. శ్రీ కోనసీమ సహకార కేంద్ర బ్యాంకునకును ఒక వ్యక్తికిని నడచిన వ్యాజ్యములో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు పూర్ణ ధర్మాసనము చెప్పిన తీర్పు 1990లో ప్రచురితమైనది. జస్టిస్ బి.పి. జీవన్‌రెడ్డిగారు వ్రాసిన ఆ తీర్పును దేశములోని కోర్టులు నేటికిని ఉదాహరించుచున్నవి. సహకార సంఘమంతమాత్రమున ప్రభుత్వము కాదు. చట్టము దానిపై మోపిన ప్రజాకర్తవ్యమును అది మీరినప్పుడే రిట్టు చెల్లును. సంఘపు బైలాలు చట్టమంతటి బలము గలవి కావు, ఒడంబడిక వంటివి – ఇది దాని సారాంశము. కావున సంఘపు గుమాస్తా తన జీతపు తగవును సామాన్యముగా రిట్టుతో తీర్చుకొనలేడు. మరి ఎక్కడికి పోవలెను? రిజిస్ట్రారునొద్దకా? కాదని సుప్రీంకోర్టు 1969లోనే, మన రాష్ట్రపు సహకార కేంద్ర బ్యాంకుల ఉద్యోగుల వ్యవహారముననే, చెప్పియున్నది. ఉద్యోగపు షరతులను గూర్చిన తగవు సహకార చట్టపు 61వ సెక్షను క్రిందికి రాదు. పారిశ్రామిక ట్రిబ్యునలే దానికి తగిన స్థానము. అనగా సంఘోద్యోగి దారి కార్మిక శాఖ కార్యాలయము, లేబరు కోర్టు వైపునకే పోవుచున్నది.

ఆ దారిలో ఆతనికి దొరకునదేమి? 1947 నాటి పారిశ్రామిక వివాదముల చట్టము పన్నెండు నెలలలో 240 దినములు పనిచేసినవానిని ఎడతెగని సేవగలవానిగా ఎంచినది. అట్టివానిని తొలగింపవలెనన్న ఒక నెల నోటీసో, దానికి బదులు జీతమో, దానితోపాటు సేవచేసిన ప్రతి సంవత్సరమునకు పదునైదు దినముల జీతము చొప్పున పరిహారమును ఇయ్యక తొలగింపరాదు. మనుష్యులను ఏండ్లతరబడి తాత్కాలికులుగా నుంచి ఖాయపు ఉద్యోగుల లాభములు వారికి దక్కనీయకుండ చేయుట అన్యాయపు ఆచరణయని కూడ ఆ చట్టము పేర్కొన్నది. నీటిపారుదల శాఖ ఆ చట్టము క్రింద పరిశ్రమయే యగునని 1988లో పంజాబునుండి వచ్చిన కేసులో సుప్రీంకోర్టు చెప్పినది. వేసవిలో కాలువలు కట్టివేయు దినములను తీసివేసినను, జూన్ మొదలు ఏప్రిలు నడిమివరకు గట్టుమీద నున్న లస్కరునకు 240 దినములు నిండుట కష్టము కాదు. ఈ పాత చట్టమునకు బదులుగా 2020 నాటి పారిశ్రామిక సంబంధముల కోడు 2025 నవంబరు 21వ తేదినుండి అమలులోనికి వచ్చినది. పరిశ్రమ యను మాటకు అందులో నిర్వచనము మారినది. అన్యాయపు ఆచరణల పట్టికలో తాత్కాలికుల మాట మాత్రము ఇందులోను నిలిచియున్నది. తగవునకు పూర్వము మూడు సంవత్సరముల గడువుండగా ఇప్పుడు రెండు సంవత్సరములే. తొలగింపబడినవాడు పెద్దల చుట్టును తిరుగుచు కాలము గడపరాదు.

నోటీసు లేక తొలగించినను మరల ఉద్యోగము తప్పక వచ్చునని నమ్మరాదు. దినకూలీల విషయమున మరల చేర్చుకొనుమనుటకు మారుగా కొంత సొమ్ము ఇప్పించుట చాలునని 2013లో భారత్ సంచార్ నిగమ్ కేసున సుప్రీంకోర్టు చెప్పియున్నది. మరియు 240 దినములు పనిచేసినట్లు ఋజువు చేయు భారము పనివానిదేయని 2002లో నిర్ణయమైనది. తానే వ్రాసి ఇచ్చిన ప్రమాణపత్రము చాలదు. ఇచ్చటనే మన పల్లెవారు ఓడిపోవుచున్నారు. పని చేసినది నిజము, చూచినవారు ఊరంతయు. కాగితము మాత్రము లేదు.

జీతము సంగతి వేరు. 2016 అక్టోబరు 26వ తేదిని పంజాబు కేసులో, ఖాయపు ఉద్యోగి చేయు పనినే చేయుచు అంతే బాధ్యత వహించు తాత్కాలికునకు ఆ ఉద్యోగపు కనీస స్థాయి జీతము ఇయ్యవలెనని సుప్రీంకోర్టు తీర్మానించినది. ఉద్యోగము ఖాయము కాకున్నను ఈ హక్కు కలదు. దీనిని అడుగువారు తక్కువ. ఖాయపు మాటమీదనే చూపంతయు నిలిపి చేతికి అందదగిన దానిని పోగొట్టుకొనుచున్నారని మా అభిప్రాయము.

ఇటీవల గాలి కొంత మారినది. కేంద్ర జల సంఘపు కార్యాలయమున ఊడ్చి తుడుచు పనియు, తోటపనియు చేయుచు 1993 మొదలు 2004 నడుమ చేరిన కొందరిని, వారు ఖాయము కోరి ట్రిబ్యునలులో ఓడిన కొలది నెలలకే, 2018 అక్టోబరులో తొలగించిరి. వారి అప్పీలుమీద 2024 డిసెంబరు 20వ తేదిని జస్టిస్ విక్రమ్‌నాథ్, జస్టిస్ ప్రసన్న వరాలే గార్ల ధర్మాసనము వారిని వెంటనే తీసికొని ఖాయపరుపవలెనని తీర్పు చెప్పినది. ఇది జగ్గో తీర్పు. చట్టవిరుద్ధపు నియామకములను అరికట్టుటకై వచ్చిన ఉమాదేవి తీర్పును, శాశ్వతమైన పనిని ఏండ్లుగా చేసినవారికి అన్యాయము చేయుటకు కవచముగా వాడుట కూడదని అందులో మందలించిరి. 2025 జనవరి 31న గాజియాబాదు నగర పాలక సంస్థలోని తోటమాలుల కేసునను, ఆగస్టు 19న ఉత్తరప్రదేశ్ ఉన్నత విద్యాసేవల కమిషనులోని దినకూలీల కేసునను ఇదే దారిలో తీర్పులు వచ్చినవి. కడపటి దానిలో, ధనము లేదను ఒక్క మాటతో ప్రభుత్వము తప్పించుకొనజాలదని చెప్పి, అవసరమైన అదనపు ఉద్యోగములనే సృష్టింపుమనిరి.

ఈ తీర్పులను విని అందరి పంటయు పండినదనుకొనరాదు. ఆ మనుష్యులు నేరుగా ఆ శాఖలచే నియమింపబడినవారు, నడుమ గుత్తదారు లేడు, పని నిత్యమైనది, చేసినట్లు రికార్డు కలదు. గుత్తదారు ద్వారా వచ్చినవాని సంగతి వేరు. 2001 ఆగస్టు 30న ఉక్కు సంస్థ కేసున అయిదుగురు న్యాయమూర్తులు, గుత్తపద్ధతి రద్దయినంత మాత్రమున కూలీలు అసలు యజమానికి ఉద్యోగులు కారని, ఆ గుత్త కేవలము కంటితుడుపైనచో మాత్రమే అగుదురని చెప్పిరి. నేడు మన గ్రామములలో అవుట్‌సోర్సింగు పేర పనిచేయు యువకులకు ఇదే పెద్ద అడ్డంకి. దళారుల బెడద పోగొట్టుటకని మన రాష్ట్ర ప్రభుత్వము అవుట్‌సోర్సింగు ఉద్యోగులకొక కార్పొరేషను నెలకొల్పి 2020లో దానిద్వారా జీతములిప్పించుట మొదలిడినది. దానివలన జీతము చేతికి సరిగా చేరుట మేలే కాని, అది ఖాయపు హోదా కాదు. 2023లో చేసిన కాంట్రాక్టు ఉద్యోగుల క్రమబద్ధీకరణ చట్టము సైతము, 2014 జూన్ 2వ తేదికి ముందు నేరుగా కాంట్రాక్టుపై నియమితులై కొనసాగుచున్నవారిని ఉద్దేశించినదే. మరల ఒక తేది, మరల ఒక గీత.

రాజోలు, మలికిపురము ప్రాంతములవారు చమురు సంస్థ మాట అడుగుదురు. తాటిపాక చుట్టుపట్ల బావులయొద్ద మన పిల్లలు గుత్తదారులక్రింద పనిచేయుచున్నందున అది సహజము. ఆ సంస్థయొక్క స్టాండింగ్ ఆర్డర్లలో, పన్నెండు నెలలలో 240 దినములు చేసి అర్హతగల తాత్కాలికుని ఖాయమునకు పరిశీలింపవచ్చునను నిబంధన యున్నది. కారైకాలు కావలివారి కేసున 2015లో సుప్రీంకోర్టు కార్మికుల పక్షమున తీర్పు చెప్పినది. 2020లో మరియొక ధర్మాసనము ఆ తీర్పును శంకించి పెద్ద ధర్మాసనమునకు నివేదించినది. ఆ నిబంధన తాత్కాలిక కార్మికునికే. గుత్తదారుని కూలీకి అది నేరుగా వర్తింపదు.

ఇప్పుడు చేయవలసిన పని. పనివాడు తన యొద్ద నుంచుకొనవలసినది తొలుత నియామకపు ఉత్తరువు. అది లేనిచో జీతము జమయైన బ్యాంకు పాసుపుస్తకము, భవిష్యనిధి నెంబరు, గుర్తింపు కార్డు, పైయధికారి చేవ్రాలుగల ఏ కాగితమైనను సరే. ప్రభుత్వ శాఖలోని వాడైనచో 2005 నాటి సమాచార హక్కు చట్టము క్రింద తన మస్టరు రోళ్ల నకళ్లను ఇప్పుడే, తగవు రాకముందే, కోరవలెను. ఇరువది ఏండ్లనాటి రోళ్లు చెదలు తినిన పిమ్మట ఏమియు చేయలేము. సహకార సంఘమునకు ఆ చట్టము సామాన్యముగా వర్తింపదని 2013లో సుప్రీంకోర్టు చెప్పినందున, సంఘోద్యోగి కార్యదర్శిని వ్రాతమూలకముగా అడిగి రశీదు పొందవలెను. పనిచేసిన దినములను ఒక చిన్న పుస్తకములో వ్రాసికొని నెలకొకసారి మేస్త్రీచేత చేవ్రాలు చేయించుకొనుట వెర్రిపని కాదు. తమ్ముడో కొడుకో చదువుకొన్నవాడుండక మానడు.

సంఘముల పాలకవర్గములవారు తమ యొద్ద ఆమోదము లేక పనిచేయుచున్నవారెందరో, ఎన్నాళ్లనుండియో, భవిష్యనిధి కట్టుచున్నారో లేదో ఒక పట్టిక వ్రాయింపవలెను. పని నిజముగా నిత్యమైనదైనచో 116-సీ పరిమితికి లోబడి ఆ ఉద్యోగమునకు జిల్లా సహకార అధికారి ద్వారా ఆమోదము కోరి, ప్రకటన వేసి, అనుభవమున్నవానికి ఆ అనుభవమును లెక్కింపవచ్చును. ఆమోదము రానిచో ఆ సంగతి ఆతనికి వయస్సు మీరకముందే చెప్పివేయవలెను. ఈ పట్టికను మహాజనసభ ముందు పెట్టుటకు పాలకవర్గము జంకినచో, సభ్యులే కార్యక్రమములో చేర్చుమని వ్రాతపూర్వకముగా కోరవచ్చును. జీతములు పోవునది సభ్యుల వాటాధనము, వడ్డీ ఆదాయముల నుండియే గదా. పట్టికలో పేరు, చేరిన తేది, చేయు పని, నియమించిన తీర్మానపు నెంబరు, ప్రస్తుత జీతము – ఈ అయిదు గడులుండిన చాలును. తీర్మానపు నెంబరు గడి ఖాళీగానున్న పేర్లను ముందుగా విచారింపవలెను.